సమ్మరీ దావాలో ప్రతివాదనకు అనుమతి

ప్రామిసరీ నోటు, హుండీ, రాతపూర్వక ఒప్పందం వంటి వాటిపై నిర్ణీత సొమ్ము రాబట్టుకోవడానికి 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ 37వ ఆర్డరు కింద వేసేది సమ్మరీ దావా. ఇందులో ప్రతివాదికి వాదించుకునే హక్కు దానంతటదే రాదు. సమన్లు అందిన 10 రోజుల్లో హాజరు నమోదు చేయాలి. తర్వాత తీర్పు కోరుతూ వాది పంపే సమన్లు అందిన 10 రోజుల్లో అఫిడవిట్‌తో అనుమతి అడగాలి. ప్రతివాదికి గట్టి వాదన లేదనో, ఉన్నది పసలేనిదనో, వేధింపు కోసమేననో తేలితే తప్ప కోర్టు నిరాకరించరాదు. ఈ రక్షణే ఈ విధానానికి ప్రాణం; ఇది లేకుంటే ఖాళీ నోటుపై సంతకం చేసినవారికి తమ మాట చెప్పుకునే చోటే ఉండదు. ఒప్పుకున్న బాకీని మాత్రం ముందే కోర్టులో జమచేయాలి. వాదన నిజాయితీపై సందేహముంటే డిపాజిట్ లేదా హామీ షరతు పెట్టవచ్చని సుప్రీంకోర్టు 2016లో ఐడీబీఐ ట్రస్టీషిప్ కేసులో వివరించింది. గడువు దాటినా, తగిన కారణం చూపితే కోర్టు ఆలస్యాన్ని మన్నించవచ్చు.