పరీక్షా మందిరంలో గణన సాధనాలు: ఎక్కాల నుండి కాలిక్యులేటరు వరకు

తమిళనాడులోని విరుదునగర్ జిల్లాలో తిరుచ్చులి అనే ఊరు ఉన్నది. తిరుమేనినాథస్వామి ఆలయం వలనను, 1879లో భగవాన్ శ్రీ రమణ మహర్షి అచట జన్మించుట వలనను ఆ ఊరి పేరు దేశమంతటా తెలిసినది. అచటి నుండి అరుప్పుకోట, సాత్తూరు, కోవిల్‌పట్టి వరకు వ్యాపించిన నల్లరేగడి సీమలో తెలుగు కుటుంబాలు శతాబ్దాలుగా స్థిరపడి ఉన్నవి. వారిలో అనేకులు విజయనగర ప్రభువుల, మదురై నాయకరాజుల కాలంలో తరలివచ్చినవారి సంతతి. ఇంట తెలుగు మాట్లాడి, బడిలో తమిళంలో లెక్కలు నేర్చిన పిల్లలు ఈ సీమలో తరతరాలుగా ఉన్నారు. అట్టి పిల్లవాడు పరీక్షకు కూర్చున్నప్పుడు అతని బల్లపై ఏ గణన సాధనం ఉండవచ్చును, ఏది ఉండరాదు అనే నియమం చూడటానికి చిన్నది. కాని దాని చరిత్రను పరిశీలించినచో విద్యలో సమానత్వం కోసం జరిగిన ప్రయత్నమే అందులో కనిపిస్తుంది.

పూర్వకాలంలో విద్యార్థికి జ్ఞాపకశక్తియే గణన సాధనం. తెలుగునాట గణితానికి దీర్ఘమైన చరిత్ర కలదు. మహావీరాచార్యుని సంస్కృత గణిత గ్రంథాన్ని పావులూరి మల్లన 11వ శతాబ్దిలోనే తెలుగు చేసినాడు. వీధిబడులలో పిల్లలు ఎక్కాలతోపాటు అర, పాతిక, పరక, వీసం వంటి భిన్నాలను కూడా వల్లించేవారు. తమిళ సీమలోని తిణ్ణై బడులలో ఇదే పనికి ‘ఎణ్‌చువడి’ ఉండేది. రూపాయికి 16 అణాలు, అణాకు 12 పైలు, వెరసి రూపాయికి 192 పైలు లెక్కించవలసిన కాలంలో ఈ వల్లెవేత నిత్యావసరమే. 1957 ఏప్రిల్ 1న దశాంశ నాణేలు అమలులోకి రాగా వీసాల లెక్క క్రమంగా మూలపడినది. నాణెం మారగానే లెక్క మారినది, లెక్కతో పాటు పరీక్ష కూడా మారినది.

పై తరగతులలో జ్ఞాపకశక్తికి తోడుగా వచ్చినది సంవర్గమాన పట్టిక. స్కాట్లండు దేశీయుడైన జాన్ నేపియర్ 1614లో ఈ పద్ధతిని ప్రకటించగా, హెన్రీ బ్రిగ్స్ దానిని పది ఆధారంగా గల పట్టికలుగా మలచినాడు. గుణకారాన్ని కూడికగా, భాగహారాన్ని తీసివేతగా మార్చుటయే దీని ప్రయోజనం. రెండుకు 0.3010, మూడుకు 0.4771. ఈ రెంటినీ కూడగా వచ్చే 0.7781 సుమారుగా ఆరుకు సంవర్గమానం. తమిళనాట ప్లస్ టూ పరీక్షలలో సైన్సు విద్యార్థులకు ఈ పట్టికయే ఆధారమైనది. ఆ పట్టికలో జమీందారు కొడుకుకు ఒక అంకె, కూలివాని కొడుకుకు మరొక అంకె లేవు. సాధనం అందరికీ ఒక్కటే అయినందున, దానిని వాడే నేర్పును బట్టియే మార్కులు వచ్చేవి.

1972లో అమెరికాలో హ్యూలెట్ పాకర్డ్ సంస్థ జేబులో పట్టే శాస్త్రీయ కాలిక్యులేటరును 395 డాలర్లకు విడుదల చేసినది. అదే సంవత్సరంలో జపానులో ‘కాసియో మినీ’ వెలువడినది. తరువాతి సంవత్సరాలలో వీటి ధరలు వేగంగా పడిపోయినవి. అయినను తమిళనాడులో 1978లో ప్లస్ టూ విద్య ప్రారంభమై, 1980లో మొదటి పబ్లిక్ పరీక్ష జరిగిన నాటికి, వానకారు సేద్యంపై ఆధారపడిన పల్లె కుటుంబానికి అది అందని వస్తువే. పరీక్షలో దానిని అనుమతించి ఉన్నట్లయితే కొనగలిగినవాడు కాలాన్ని కూడా కొన్నట్లయ్యేది. అందుచేత ఆనాటి నిషేధం పేద విద్యార్థికి రక్షణగా నిలిచినది.

ఇతర దేశాలు ఈ విషయంలో ఒకే దారిని అనుసరించలేదు. అమెరికాలోని శాట్ పరీక్షలో 1994 నుండి కాలిక్యులేటరును అనుమతించినారు. సింగపూరులో ప్రాథమిక విద్యాంత గణిత పరీక్షలోని ఒక పత్రానికి 2009 నుండి అనుమతి లభించినది. ఇంగ్లండులో మాత్రం 11 ఏండ్ల పిల్లల జాతీయ పరీక్ష నుండి 2014లో దానిని తొలగించినారు. మన దేశంలో చార్టర్డ్ అకౌంటెంట్ల సంస్థ ఆరు క్రియలకు, పన్నెండు అంకెలకు, రెండు మెమరీలకు మించని యంత్రాన్నే అనుమతించినది. ఇంజనీరింగ్ పట్టభద్రుల గేట్ పరీక్షలో అభ్యర్థులందరికీ కంప్యూటరు తెరపైననే ఒకే కాలిక్యులేటరును కల్పించినారు. పాత సంవర్గమాన పట్టికలోని సమానత్వమే ఈ ఏర్పాటులో మరల దర్శనమిచ్చినది.

తమిళనాడులో 2026 ప్లస్ టూ పరీక్షలకు అకౌంటెన్సీ పత్రంలో కాలిక్యులేటరును అనుమతిస్తున్నట్లు 2025లో ప్రకటన వెలువడినది. వర్తక కేంద్రమైన విరుదునగర్ వంటి సీమకు ఇది ముఖ్యమైన మార్పు. భాగస్వాముల లాభనష్టాల పంపకం, తరుగుదల, ఆస్తి అప్పుల పట్టీ తెలిసిన విద్యార్థి కూడికలో ఒక అంకె తప్పి పట్టీ కుదరక కాలం పోగొట్టుకొనుట ఉపాధ్యాయులెరిగిన విషయమే. ఆ పత్రం పరీక్షించేది పద్దు జ్ఞానాన్ని గనుక కూడికను యంత్రానికి అప్పగించుట న్యాయం. ఎక్కాలే పాఠమైన చిన్న తరగతిలో అదే యంత్రం పాఠాన్ని మ్రింగివేస్తుంది. కావున సాధనాన్ని అనుమతించుటకు ముందు ఆ పత్రం దేనిని పరీక్షిస్తున్నదో నిర్ణయించుకొనవలెను.

అనుమతితో బాధ్యత తీరిపోదు. ఏ విధమైన యంత్రం తేవచ్చునో హాల్ టికెట్టు ఇచ్చే నాటికే విద్యార్థికి తెలియవలెను. సెల్‌ఫోనును, చేతి గడియారపు కంప్యూటరును కాలిక్యులేటరుగా అంగీకరించరాదు. పరీక్ష మధ్యలో ఒకరి యంత్రం మరొకరి చేతికి పోరాదు. బ్యాటరీ అయిపోయిన పిల్లవానికి ఇచ్చుటకు కేంద్రంలో కొన్ని యంత్రాలు సిద్ధంగా ఉండవలెను. సమాధానం యంత్రం చెప్పినను, సోపానాలను విద్యార్థియే వ్రాయవలెను. అన్నింటికంటె ముఖ్యమైనది సంవత్సరమంతా తరగతిలో సాధన. పరీక్ష నాడే మొదటిసారి చేతికి వచ్చిన యంత్రం సహాయానికి బదులు తడబాటును కలిగిస్తుంది. కొనలేని విద్యార్థికి దానిని సమకూర్చే భారం పాఠశాలపైననే ఉండవలెను.

విరుదునగర్‌లో జన్మించిన కామరాజ్ తమ ముఖ్యమంత్రిత్వంలో 1956లో మధ్యాహ్న భోజనాన్ని విస్తరింపజేసినది ఆకలి కారణంగా ఏ బిడ్డయు బడికి దూరం కారాదనే ఉద్దేశంతోనే. భోజనపు బంతిలో ఆనాడు పాటించిన ఆ న్యాయం పరీక్షా మందిరపు బల్లపైన కూడా నిలువవలసి ఉన్నది. తిరుచ్చులి పల్లెబిడ్డకు, మహానగరపు బిడ్డకు నడుమ తేడా వారి చదువులోనే తేలవలెను గాని, జేబులోని యంత్రంలో తేలరాదు.