బి. నర్సింగరావు: సినిమా, దృష్టి, ఇతివృత్తాలు

తెలుగు సమాంతర సినిమాకు తెలంగాణ ముఖాన్నిచ్చిన దర్శకుడు బి. నర్సింగరావు. 1946లో నాటి మెదక్ జిల్లా గజ్వేల్ దగ్గరి ప్రజ్ఞాపూర్‌లో, భూస్వామ్య కుటుంబంలో పుట్టారు. హైదరాబాదులో చిత్రకళ నేర్చారు. 1970లలో ప్రజాగాయకుడు గద్దర్ తదితరులతో కలిసి విప్లవ సాంస్కృతిక సంస్థ జననాట్యమండలిలో పనిచేశారు. గడీ (దొరల కోట లాంటి ఇల్లు), కుంచె, పాట: ఆయన సినిమాలకు ముడిసరుకంతా ఈ మూడింటిదే.

తొలి అడుగు నిర్మాతగా వేశారు. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా గౌతం ఘోష్ దర్శకత్వంలో తీసిన ‘మా భూమి’ 1980 మార్చిలో విడుదలైంది. స్క్రీన్‌ప్లే రచనలోనూ నర్సింగరావు చేయి ఉంది. వెట్టి చాకిరీ నుంచి తెలంగాణ సాయుధ పోరాటం దాకా నడిచే రామయ్య పాత్రలో సాయిచంద్ నటించారు. గొంగడి కప్పుకుని గద్దర్ తెరపై పాడిన ‘బండెనక బండి కట్టి’ ఇప్పటికీ సభల్లో వినిపిస్తుంది.

‘రంగుల కల’ (1983)తో దర్శకుడయ్యారు. అందులో చిత్రకారుడి పాత్ర కూడా తనే వేశారు. బొమ్మలు కొనేవాళ్ల డ్రాయింగ్‌రూములకూ, బొమ్మల్లో కనబడే మనుషుల బస్తీలకూ మధ్య నలిగే కళాకారుడి కథ అది. కొంత ఆత్మకథే అనుకోవచ్చు.

ఆయన శైలి పండింది మాత్రం ‘దాసి’ (1988)లో. 1920ల నాటి గడీలో బతికే కమలాక్షి ఆడబాప, అంటే దొర ఇంటి దాసి. నీళ్లు తోడుతుంది, వాకిలి ఊడుస్తుంది, దొర పిలిస్తే వెళ్తుంది. కడుపు పండితే దాన్ని ఉంచుకునే హక్కు కూడా ఆమెది కాదు. ఉపన్యాసాలు లేవు, మాటలే తక్కువ. కెమెరా ఆ చాకిరీని తొందరపడకుండా చూస్తూ కూర్చుంటుంది. కమర్షియల్ సినిమా అయితే దొర చేత మీసం మెలేయించేది. ఇక్కడ దొర క్రౌర్యం దినచర్యలో భాగం, అందుకే ఎక్కువ భయపెడుతుంది. గడీ గోడలనూ గదులనూ తీర్చింది చిత్రకారుడు టి. వైకుంఠం, ఛాయాగ్రహణం ఎ.కె. బీర్, సంగీతం నర్సింగరావుదే. అర్చనకు ఉత్తమ నటిగా వచ్చిన అవార్డుతో కలిపి ఈ సినిమా 5 జాతీయ పురస్కారాలు గెలుచుకుంది.

‘మా ఊరు’ (1987) డాక్యుమెంటరీ. అందులో కథానాయకుడు లేడు, ఊరే ఉంది: పనులు, పండుగలు, చావులు. ‘మట్టి మనుషులు’ (1990)లో ఆ ఊరు వలస బాట పడుతుంది. నగరంలో కట్టడాల పనికొచ్చిన జంట సంసారం అక్కడే కూలిపోతుంది. ఇందులోనూ అర్చనే నాయిక. దాసికి తప్పించుకోవడానికి గడీ గోడ కనబడేది; ఈ కూలి తల్లికి గోడ కూడా కనబడదు. 1991లో మాస్కో చలనచిత్రోత్సవం ఈ సినిమాను గుర్తించి సత్కరించింది.

ఆ తర్వాత పదమూడేళ్లకు ‘హరివిల్లు’ (2003) వచ్చింది. చిత్రలేఖనం, కవిత్వం, ఫొటోగ్రఫీ ఆయన వెంటే నడిచాయి.