నీలగిరి అడవి నుంచి ఆస్కార్ దాకా: కార్తికి గొన్సాల్వెస్

పిల్లలూ, 2023 మార్చిలో 'నాటు నాటు' పాటకు ఆస్కార్ వచ్చిన రోజు మీకు గుర్తుండే ఉంటుంది. అదే వేడుకలో మన తమిళనాడు అడవిలో తీసిన 'ది ఎలిఫెంట్ విస్పరర్స్'కూ ఆస్కార్ వచ్చింది. లఘు డాక్యుమెంటరీ విభాగంలో భారతీయ నిర్మాణానికి దక్కిన మొదటి ఆస్కార్ అది. దాని దర్శకురాలు కార్తికి గొన్సాల్వెస్. ఆమెకు ఇదే మొదటి సినిమా. నిర్మాత గునీత్ మోంగా.

ఎవరీమె?

కార్తికి ఊటీలో పెరిగారు. ముందు అడవులను, జంతువులను ఫొటోలు తీసేవారు. ఒకసారి ముదుమలై దారిలో ఓ మనిషి ఏనుగు గున్నను వెంటబెట్టుకుని నడిచిపోతుంటే చూసి ఆగారు. ఆ మనిషి బొమ్మన్, గున్న రఘు. కథ అక్కడే మొదలైంది.

సినిమాలో ఏముంది?

రఘు మన హోసూరు వైపు అడవుల నుంచి వచ్చిన గున్నే. కరెంటు తగిలి తల్లి చనిపోతే అటవీ శాఖ వాళ్లు తెప్పక్కాడు ఏనుగుల శిబిరానికి చేర్చారు. కాట్టునాయకర్ తెగకు చెందిన బొమ్మన్, బెళ్లి దాన్ని కన్నబిడ్డలా సాకారు. తర్వాత అమ్ము అనే ఇంకో గున్న కూడా వాళ్ల చేతికే వచ్చింది. గున్నలను సాకుతూనే వాళ్లిద్దరూ పెళ్లి చేసుకున్నారు. కానీ రఘు పెద్దవాడయ్యాక అటవీ శాఖ వాణ్ణి వేరే మావటికి అప్పగించింది. ఆ ఎడబాటు చూస్తే మీకూ కళ్లు చెమరుస్తాయి.

2023లో తమిళనాడు ప్రభుత్వం బెళ్లికి ఆ శిబిరంలోనే ఏనుగుల సంరక్షకురాలిగా ఉద్యోగం ఇచ్చింది.

ఎలా తీశారు?

సినిమా నిడివి సుమారు 40 నిమిషాలే. దాని వెనుక మాత్రం సుమారు 5 ఏళ్ల పని ఉంది. ఏనుగూ మనిషీ కెమెరాకు అలవాటు పడేదాకా ఓపిక పట్టాలి కదా! ఇంకో సంగతి గమనించండి: బయటివాళ్లెవరూ వెనక నుంచి కథ చెప్పరు. బొమ్మన్, బెళ్లి తమ మాటల్లో తామే చెప్పుకుంటారు. సినిమా తమిళంలోనే ఉంది. ఇంటి మాట ప్రపంచానికి అర్థం కాదేమో అని ఎవరూ జంకలేదు.

మరి మనం?

మన ఇళ్లల్లో అవ్వాతాతలు మాట్లాడే తెలుగు పుస్తకాల తెలుగు కాదు. ఆ మాటలు, ఆ సాగు ముచ్చట్లు, ఆ పాటలు వాళ్లతోనే పోకూడదంటే ఎవరో ఒకరు పట్టి ఉంచాలి. ఆ ఎవరో మీరే ఎందుకు కాకూడదు?

ఇంట్లో ఉన్న ఫోను చాలు. ముందు అనుమతి అడగండి. ఫోను దగ్గరగా పెట్టండి, లేకపోతే గొంతు సరిగా వినబడదు. ఒక ప్రశ్న అడిగి ఊరుకోండి, మధ్యలో మాట తుంచకండి. వాళ్ల యాసను దిద్దకండి. తీశాక ముందుగా వాళ్లకే చూపించండి. వద్దన్న భాగం తీసేయండి, ఎందుకంటే ఆ కథ వాళ్లది.

ఈ ఆదివారం పది నిమిషాలు అవ్వ పక్కన కూర్చుని చూడండి.