పసుపు రంగు బోర్డు

2023 జూన్‌లో పటాన్‌చెరు వచ్చిన కేసీఆర్, మళ్ళీ గెలిపిస్తే ఇక్కడి దాకా మెట్రో తెస్తామన్నారు. ఆయన ఓడిపోయారు. తర్వాతొచ్చిన కాంగ్రెస్ ప్రభుత్వం 2024లో మియాపూర్-పటాన్‌చెరు ప్రతిపాదనను, 13.4 కిలోమీటర్లు, కేంద్రానికి పంపింది. అంటే మెట్రో రాకపోతే ఎవర్ని వెక్కిరించాలో కూడా మనకి తేలదన్నమాట. నిజామాబాద్ వాళ్ళకి ఆ ఇబ్బంది లేదు. వాళ్ళ దగ్గర కాగితం ఉంది.

2019 లోక్‌సభ ఎన్నికల ముందు అక్కడి రైతులు పసుపుకి క్వింటాలుకి 15 వేలు, ఎర్రజొన్నకి 3,500 ఇప్పించమన్నారు, పసుపు బోర్డు పెట్టమన్నారు. ఎవరూ పట్టించుకోకపోయేసరికి మూకుమ్మడిగా నామినేషన్లు వేశారు. (1996లో నల్గొండలో ఫ్లోరైడ్ నీళ్ళ గోడు వినిపించడానికి ఇలాగే చేస్తే 480 మంది బరిలో మిగిలారు, బ్యాలెట్ పేపరు కాస్తా పుస్తకమైంది.) నిజామాబాద్‌లో మొత్తం 185 మంది, అందులో 178 మంది రైతులే! మనవాళ్ళకి నచ్చే లెక్కొకటి చెప్తాను. పాత ఈవీఎంకి నాలుగు బ్యాలెట్ యూనిట్లే తగిలించగలం, యూనిట్‌కి 16 చొప్పున 64 పేర్లు. అందుకని ఎం3 రకం తెప్పించి బూత్‌కి 12 యూనిట్లు కలిపారు. అంటే 192. నోటాతో కలిపి కావల్సింది 186.

బీజేపీ అభ్యర్థి ధర్మపురి అర్వింద్ గారు ఏకంగా బాండ్ పేపర్ మీద రాసిచ్చారు. గెలిచిన ఐదు రోజుల్లో బోర్డు తెస్తా, లేకపోతే రాజీనామా చేసి మీతో కలిసి పోరాడతా అని. సిట్టింగ్ ఎంపీ, అప్పటి ముఖ్యమంత్రి కూతురు కవిత 70 వేల పైచిలుకు ఓట్లతో ఓడిపోయారు.

ఐదు రోజులు గడిచాయి. 2020లో స్పైసెస్ బోర్డు ప్రాంతీయ కార్యాలయం ఒకటి ఇచ్చారు. పసుపు బోర్డూ లేదు, రాజీనామా లేదు.

2023 మార్చి ఆఖర్లో నిజామాబాద్ రోడ్ల మీద పసుపు రంగు బోర్డులు వెలిశాయి, మా ఎంపీ తెచ్చిన పసుపు బోర్డు ఇదేనంటూ! వేసింది రైతులా, వాళ్ళ వెనక పార్టీవాళ్ళా అన్నది పక్కన పెడితే, ఇంత చవగ్గా ఇంత సూటిగా తగిలిన సెటైర్ మన రాజకీయాల్లో నేను ఇంకోటి చూళ్ళేదు. అక్టోబర్ 1న మహబూబ్‌నగర్‌లో మోదీ బోర్డు ప్రకటించారు. అసెంబ్లీ ఎన్నికలు నెత్తిమీదున్నాయి లెండి. 2024లో అర్వింద్ మళ్ళీ ఎంపీ అయ్యారు, 2025 సంక్రాంతికి బోర్డు మొదలైంది.

నా పేచీ ఇక్కడే. రైతుకి కావల్సింది ధర. బోర్డు పనేమో పరిశోధన, ఎగుమతులు వగైరా. పసుపుకి మద్దతు ధర ఇప్పటికీ లేదు. టికెట్ క్లోజ్ చేశారు, బగ్ అలాగే ఉంది. వెక్కిరింపంతా బోర్డు అన్న మాట చుట్టూనే తిరిగింది మరి. ఇంకో తమాషా, 2024లో పంట తగ్గి మార్కెట్లో క్వింటాలు 15 వేలు దాటింది. అప్పటికి బోర్డు ఇంకా తెరవనేలేదు.