గంప మోసిన కాలం

కుంపటి దగ్గరకి జరుగు నాయినా, సలిగా ఉంది. గుజరాత్‌లో ఏరావల్‌కి ఏటకెలిపోతానంటన్నావు గదా, ఎల్లు, కాదనను. ముందు ఇది ఇనుకో.

మీ తాతది దుంగల తెప్ప. ఏట నుంచొచ్చాక తాళ్లిప్పి, దుంగలు ఏటికాటి ఒడ్డున ఆరబెట్టీవోడు. నీళ్లు పీల్చిన కర్ర బరువెక్కిపోద్ది మరి. తెడ్డు, తెరచాప, తనే అల్లుకున్న వల, అంతే సొత్తు. మహేంద్రగిరి ఏ వాటంలో అవుపిస్తందో సూసుకుని, తనెక్కడున్నాడో సెప్పీసీవోడు.

సేప ఒడ్డు తాకితే ఇంక నాది. కవళ్లు గంపకెత్తుకుని ఊళ్లంట తిరిగీదాన్ని. రైతుల ఇళ్లల్లో వడ్లు కొలిచి పోసీవోరు. ఒకోసారి తాలు కలిపీసీవోరనుకో! బేరం మాత్రం నాదే. నా మాట కాదని మీ తాత ఒక్క సేప అమ్మీవోడు కాదు.

రొయ్యకి అప్పుడంత ఇలువేటి? ఎండబెట్టుకుని తినీవోళ్లం. పై దేశాలోళ్లు కొంటారని తెలిసినాక మరబోట్లు దిగాయి. రేత్రిళ్లు మన వలల మీద నుంచే ఈడ్చుకుపోయీవి. ఒడ్డు నుంచి 8 కిలోమీటర్ల లోపల అవి ఏటాడకూడదని 1994లో సట్టం కట్టారు. సీకట్లో ఎవుడొచ్చి కొలుస్తాడు?

అందరూ పాపమంతా మరబోటుదే అంటారు. నానొప్పుకోను. సేప దూరమైపోనాది, దానెనక పరిగెత్తడానికి మీ అయ్య ఫైబర్ తెప్ప కొన్నాడు, ఇంజను పెట్టించాడు. డబ్బులు సావుకారివి. పట్టిందల్లా ఆడికే పొయ్యాలి, ఆడు సెప్పిందే రేటు. నా కొడుకు పట్టిన సేపని నాను పాటలో డబ్బెట్టి కొనుక్కుని గంపకెత్తుకున్నాను. అదీ మన బతుకు.

ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా ఏట బందు. సేప గుడ్లెట్టే కాలం, మంచిదే. ఆ బందు రోజులకి సర్కారోళ్లు 2019లో 10,000 రూపాయలిచ్చారు, ఇప్పుడు 20,000 అయింది. బోటెక్కినోడికే అది. గంప మోసినోళ్లం ఆ లెక్కలో లేం.

తండేల్ సినిమా సూసి ఈలలేసొచ్చావు. అది నీలాగే ఏరావలెల్లి ఏటకి దిగిన మన జిల్లా గుంటల కతే. 2018 నవంబరులో పాకిస్తానోళ్లు పట్టుకుపోతే, సానామంది 2020 జనవరి దాకా కరాచీ జైల్లోనే ఉన్నారు. ఇక్కడ ఆళ్ల పెళ్లాలు ఎన్ని ఆఫీసుల సుట్టూ తిరిగారో!

ఏరావల్‌లోనూ ముందు అడ్వాన్సే సేతిలో ఎడతారు. తీసుకునీ ముందు సావుకారు దగ్గరకెల్లి, మీ అయ్య అప్పింకా ఎంతుందో పుస్తకం తీయించి సూడు. నాకు సదువు రాదు, నాకెప్పుడూ ఆ పుస్తకం సూపించలేదు.