రెండు వలసలు, ఒకే అడవి

పొద్దున వలస సీతాకోకచిలుకలు, మధ్యాహ్నం వలసకాలపు పట్టణం, రాత్రికి మళ్ళీ హోటల్ గది. శీతాకాలంలో మెక్సికో సిటీలో దిగినవాళ్ళకి టూర్ ఏజెన్సీలవాళ్ళు అమ్మే ఒక్కరోజు యాత్ర ఇది. ఇంగ్లీషులో ఆ రెండూ వేరే వేరే మాటలు. తెలుగులో మాత్రం ఎక్కణ్ణుంచో వచ్చి తిరిగి వెళ్ళిపోయేదాన్నీ వలసే అంటాం, ఎక్కణ్ణుంచో వచ్చి వెళ్ళకుండా కూర్చుని పెత్తనం చేసినవాడిదీ వలసే అంటాం. డాలస్ వెళ్ళి గ్రీన్‌కార్డు క్యూలో నిలబడ్డ మన స్నేహితులది ఏ రకమో వాళ్ళే చెప్పాలి :)

మొన్న ఫిబ్రవరిలో నేనూ ఆ వ్యాన్ ఎక్కాను. మా గైడు మంచివాడే, విషయం తెలిసినవాడే. కానీ వెళ్ళేటప్పుడు మూడు గంటలు చిలుకల గురించీ, సాయంత్రం చర్చిల గురించీ, ఏదో రెండు వేరే మాడ్యూల్స్ అన్నట్టు విడివిడిగా చెప్పుకుపోయాడు. తిరిగొచ్చాక కాస్త చదివితే తెలిసిందేంటంటే, అవి రెండూ ఒకే కథ. ఆ ఊరిని పెంచిన బంగారం, ఆ చిలుకలు వాలే చెట్లు, ఆ చెట్ల కింద బతికే జనం, ఇవన్నీ ఒకదానికొకటి ముడిపడి ఉన్నాయి.

ముందు చిలుకల సంగతి. మోనార్క్ అనే ఈ నారింజరంగు సీతాకోకచిలుక బరువు అర గ్రాము. కెనడా, అమెరికా ఉత్తర రాష్ట్రాల నుంచి శరదృతువులో బయల్దేరి, కొన్నయితే 4,000 కిలోమీటర్ల పైగా ఎగిరి, నవంబరు మొదట్లో మెక్సికోలోని మిచోవాకాన్ రాష్ట్రపు కొండలకి చేరతాయి. సుమారు 3,000 మీటర్ల ఎత్తున పెరిగే ఒయమెల్ అనే ఫర్ చెట్లకి గుత్తులు గుత్తులుగా వేలాడుతూ చలికాలం గడుపుతాయి. ఫిబ్రవరి, మార్చిల్లో జతకట్టి ఉత్తరానికి బయల్దేరతాయి, టెక్సస్ ప్రాంతంలో గుడ్లు పెట్టి చనిపోతాయి. ఆ పిల్లలు ఇంకొంచెం పైకి, వాటి పిల్లలు ఇంకా పైకి. మళ్ళీ శరదృతువులో దక్షిణానికి బయల్దేరేది మునిమనవల తరం. దారి చెప్పడానికి పెద్దవాళ్ళెవరూ బతికి ఉండరు. అయినా ముత్తాతలు వాలిన కొండకే వస్తాయి.

వీటి గొంగళిపురుగులు తినేది మిల్క్‌వీడ్ మొక్క ఒక్కటే. మన జిల్లేడు ఆ కుటుంబమే. గిల్లితే అవే పాలు, అదే విషం. ఆ విషం ఒంట్లో చేరడం వల్ల చాలా పిట్టలు వీటి జోలికి రావు. మన ఊళ్ళలో జిల్లేడు మీద గుడ్లు పెట్టే నారింజరంగు చిలుక దీనికి దగ్గర చుట్టమే. అన్నట్టు, దక్షిణ భారతంలో తూర్పు, పడమటి కనుమల మధ్య వలసపోయే నీలిచారల చిలుకలున్నాయి. శాస్త్రవేత్తలు ఆ ప్రజాతికి పెట్టుకున్న పేరేంటో తెలుసా? తిరుమల! 1880లో ఫ్రెడరిక్ మూర్ పెట్టిన పేరది.

ఇక చరిత్ర. ఇవి చలికాలం ఎక్కడికి పోతాయన్నది ఫ్రెడ్ అర్కర్ట్ అనే కెనడా జంతుశాస్త్రవేత్త జీవితకాలపు ప్రశ్న. టొరంటో యూనివర్సిటీలో పనిచేసేవాడు. 1930ల చివర్లో మొదలుపెట్టాడు, పెళ్ళయ్యాక భార్య నోరా కూడా ఈ పనిలో తోడైంది. ఈయన చేసింది మన భాషలో చెప్పాలంటే ట్రేసింగ్. ప్రతి చిలుక రెక్కకీ నంబరున్న చిన్న కాగితం అంటించి వదలడం, దొరికినవాళ్ళు టొరంటోకి పంపమని దానిమీద రాయడం. మొదట వాడిన జిగురు కాగితాలు వానకి ఊడిపోయాయి. తర్వాత గాజు సామాన్ల మీద ధర అంటించే లేబుళ్ళలాంటివి పట్టుకొచ్చారు. 1952 నుంచి వాలంటీర్లని కూడగట్టారు. దొరికిన నంబర్లన్నీ మ్యాపు మీద పెడితే గీతలు ఈశాన్యం నుంచి నైరుతికి, టెక్సస్ దాకా వచ్చాయి. ఆ తర్వాత లాగ్స్ లేవు!

అప్పుడు నోరా మెక్సికో పత్రికలకి రాసింది, తెలిసినవాళ్ళు సాయం చెయ్యమని. మెక్సికో సిటీలో ఉంటున్న కెన్ బ్రగ్గర్ అనే అమెరికన్ ఇంజనీరు 1973లో స్పందించాడు. అతనితో కలిసి వెతికిన మనిషి కతలీనా అగ్వాదో, మిచోవాకాన్‌లోనే పుట్టిన అమ్మాయి. తర్వాత ఇద్దరూ పెళ్ళి చేసుకున్నారు. ఊరూరా తిరిగి, రైతుల్నీ కట్టెలు కొట్టేవాళ్ళనీ అడుగుతూ, 1975 జనవరిలో సెర్రో పెలోన్ అనే కొండ మీద కోట్లాది చిలుకల్ని చూశారు. టొరంటోకి కబురెళ్ళింది. మరుసటి ఏడాది జనవరిలో 64 ఏళ్ళ అర్కర్ట్ ఆయాసపడుతూ కొండెక్కి, విరిగిపడ్డ ఒక కొమ్మ మీద చిలుకల మధ్య, మినెసోటాలో తన వాలంటీర్లు అంటించిన లేబుల్ ఉన్న చిలుకని చూశాడు. ఎండ్ టు ఎండ్ టెస్ట్ పాసయినట్టు! 1976 ఆగస్టు నేషనల్ జియోగ్రాఫిక్ ముఖచిత్రం మీద చిలుకల మధ్య నిలబడింది కతలీనాయే. కానీ ఆ తర్వాత చాలా ఏళ్ళపాటు 'కనిపెట్టినవాడు' అంటే అర్కర్ట్ పేరే వినపడింది. ఆన్‌సైట్‌లో డెమో ఇచ్చినవాడికి పేరు రావడం మనకేం కొత్త కాదు కదా.

నిజానికి ఆ ఇద్దరికన్నా ముందు ఆ కొండల్లో పుట్టి పెరిగినవాళ్ళకి చిలుకల సంగతి తెలుసు. అక్కడి మసావా, ఒతోమి జనాలు ఇవి సరిగ్గా పితృదేవతల పండగ రోజుల్లో, అంటే నవంబరు 1, 2 తారీఖుల్లో వస్తాయి కాబట్టి చనిపోయినవాళ్ళ ఆత్మలే తిరిగొస్తున్నాయని చెప్పుకునేవాళ్ళు. మన మహాలయ పక్షం లాంటిదనుకోండి. వాళ్ళకి తెలియనిదల్లా అవి కెనడా నుంచి వస్తాయన్నది. అర్కర్ట్‌కి తెలియనిదల్లా అవి ఏ కొండకి వెళ్తాయన్నది. రెండు సగాలూ కలిస్తేనే కదా జవాబు. ఒక సగానికే 'ఆవిష్కరణ' అని పేరెందుకు పెట్టారో మీరే ఆలోచించండి.

మేం వెళ్ళిన ఎల్ రొసారియోలో వ్యాన్ దిగాక లోపలికి తీసుకెళ్ళేది ఊరివాళ్ళే. ఎత్తుకి ఊపిరి అందదు, కావాలంటే గుర్రాలున్నాయి. పైన తాడు కట్టి అక్కడితో ఆగమంటారు, గట్టిగా మాట్లాడకూడదు, ఫ్లాష్ వాడకూడదు. మొదట చూస్తే చెట్లకి ఎండుటాకుల గుత్తులు వేలాడుతున్నట్టు గోధుమరంగులో ఉన్నాయి. ఇంతేనా అనుకున్నాను. మబ్బు తప్పుకుని ఎండ పడింది. ఒక్కసారిగా ఆ గుత్తులన్నీ నారింజరంగులోకి తెరుచుకుని గాల్లోకి లేచాయి. రెక్కల చప్పుడు సన్నటి వాన పడ్డట్టు వినిపిస్తుంది. ఇంతకన్నా వర్ణించడం నా వల్ల కాదు.

ఆ ఊరివాళ్ళు అక్కడికెలా వచ్చారన్నది గైడు చెప్పలేదు. చెప్పాలంటే ముందు సాయంత్రం చూసిన ఊరి గురించి చెప్పాలి.

త్లాల్‌పుహావా అందమైన ఊరు. రాళ్ళు పరిచిన ఏటవాలు వీధులు, ఎర్రపెంకుల ఇళ్ళు, మధ్యలో పెద్ద చర్చి. స్పెయిన్‌వాళ్ళు 16వ శతాబ్దంలోనే ఇక్కడ వెండి, బంగారం గనులు తవ్వించారు. తవ్వింది ఎవరో వేరే చెప్పక్కర్లేదు. 1810లో స్వాతంత్ర్య పోరాటం మొదలైనప్పుడు ఇదాల్గోకి కార్యదర్శిగా పనిచేసి, ఆయన పట్టుబడ్డాక పోరాటాన్ని నడిపిన ఇగ్నాసియో లోపెస్ రయోన్ ఈ ఊరివాడే. ఇదంతా టూర్‌లో చెప్తారు.

చెప్పనిది, స్పెయిన్ పాలన 1821లో పోయాక ఈ ఊరు చూసిన అతి పెద్ద సిరి. 1899లో ఫ్రాన్స్వా జోసెఫ్ ఫూర్నియే అనే యూరోపియన్ 'దోస్ ఎస్త్రేయాస్', అంటే రెండు నక్షత్రాలు, అనే గని మొదలుపెట్టాడు. పోర్ఫీరియో దియాస్ విదేశీ పెట్టుబడికి తలుపులు బార్లా తెరిచిన కాలం. కొన్నేళ్ళపాటు దేశంలోనే బంగారం దిగుబడిలో మొదటి స్థానం ఆ గనిదే. ఆ డబ్బుతో ఫూర్నియే 1912లో ఫ్రాన్స్ దక్షిణ తీరంలో పోర్కెరోల్ అనే ద్వీపం వేలంలో కొని భార్యకి పెళ్ళికానుకగా ఇచ్చాడు. ద్వీపమండీ బాబూ! త్లాల్‌పుహావా కొండ లోపలిది మధ్యధరా సముద్రంలో తేలింది. వలస పాలన పోయి తొంభై ఏళ్ళయ్యాక జరిగిన ముచ్చట ఇది. మరి ఏది వలసకాలం?

గనికి కలప కావాలి. సొరంగాలు కూలకుండా దుంగలు, బాయిలర్లకి కట్టెలు. ఇవన్నీ చుట్టూ ఉన్న కొండల మీంచే వచ్చాయి. పొద్దున మేం చూసిన చెట్లు ఏ మనిషీ ముట్టని ఆదిమారణ్యం అని ఎవరైనా అంటే నమ్మకండి.

కొల్లూరు వజ్రాల కథలు మనకి తెలుసు గానీ, ఇక్కడ గుర్తు తెచ్చుకోవాల్సింది కోలారు సయనైడ్ దిబ్బల్ని. రాయిని పిండిచేసి, సయనైడ్‌తో బంగారం లాగేశాక మిగిలిన బురదని ఇక్కడ ఊరి పైన గుట్టగా పోశారు, ఏళ్ళ తరబడి. వానలకి నాని 1937 మే 27 తెల్లవారుజామున ఆ గుట్ట జారింది. నిద్రలో ఉన్న పేటని పేటగా కప్పేసింది. వందల మంది పోయారు. కార్మెన్ మాత చర్చి మొత్తం పూడిపోయి గోపురం ఒక్కటే పైకి మిగిలింది. గడ్డి మొలిచిన నేలలోంచి పొడుచుకొచ్చిన ఆ గోపురం ఇప్పటికీ ఉంది. పచ్చి ఇటుకల గోడ మీది మాత బొమ్మ చెక్కుచెదరకుండా దొరికిందట, దాన్ని పెద్ద చర్చిలో పెట్టారు. మా గ్రూపులో అందరూ గోపురం దగ్గర ఫోటోలు దిగారు, నేనూ దిగాను. నిలబడ్డ నేల కింద ఏముందో అప్పుడెవరూ పెద్దగా పట్టించుకోలేదు.

మరుసటేడు గని కార్మికుల సహకార సంఘం చేతికొచ్చింది, 1959లో మూతపడింది. 1960ల్లో, అమెరికాలో గాజుపని నేర్చుకుని తిరిగొచ్చిన ఒక జంట క్రిస్మస్ చెట్టుకి వేలాడదీసే గాజుగుండ్లు చెయ్యడం మొదలుపెట్టాక ఊరికి మళ్ళీ పని దొరికింది. ఇప్పుడు ఏ వీధిలో చూసినా ఆ కొట్లే. నేను రెండు కొన్నాను, ఒకటి ఎయిర్‌పోర్ట్ చేరేలోపే పగిలింది.

సరే, ఎల్ రొసారియోకి వద్దాం. మెక్సికో విప్లవం తర్వాత 1917 రాజ్యాంగం భూమి పంచుతానంది. గట్టిగా పంచింది లాసారో కార్దెనాస్, 1934 నుంచి 40 దాకా అధ్యక్షుడు, మిచోవాకాన్ మనిషే. భూమి ఊరి ఉమ్మడిదిగా ఉండి, కుటుంబాలు వాడుకునే పద్ధతి అది. ఎహీదో అంటారు. గనికూలీలకీ, పాలేర్లకీ, వాళ్ళ పిల్లలకీ అడవి కొండలు సొంతమయ్యాయి. మొదటిసారి తమ కొండ మీద చెట్టు తాము కొట్టి అమ్ముకోగలిగారు.

ఆ సంబరం యాభై ఏళ్ళు కూడా నిలవలేదు. 1986లో ప్రభుత్వం 16,110 హెక్టార్లని చిలుకల రక్షిత ప్రాంతంగా ప్రకటించింది, లోపలి భాగంలో చెట్టు ముట్టకూడదంది. జనానికి బదులు దొరికింది దాదాపు శూన్యం. దొంగతనంగా కొట్టడం పెరిగిందంటే ఆశ్చర్యమేముంది? 2000లో హద్దుని 56,259 హెక్టార్లకి పెంచినప్పుడు గానీ, కొట్టనందుకు డబ్బు చెల్లించే నిధి ఒకటి ఏర్పడలేదు. 2008లో యునెస్కో వారసత్వ జాబితాలో చేరింది. ఎల్ రొసారియో టికెట్ డబ్బు ఊరి ఎహీదోకి వెళ్తుంది, మగవాళ్ళు వంతులవారీగా అడవి కాపలా తిరుగుతారు.

ఇంతా చేస్తే చిలుకలు పెరిగాయా? వీటిని ఒక్కొక్కటిగా లెక్కపెట్టలేరు కాబట్టి అవి వాలిన చెట్లు ఎన్ని హెక్టార్లో కొలుస్తారు. 1996-97 చలికాలంలో 18.19 హెక్టార్లు. 2013-14లో 0.67. 2023-24లో 0.90, ఆ మరుసటేడు కాస్త కోలుకుని 1.79. అడవిని దొంగచాటుగా కొట్టడం ఒక కారణమే. కానీ చాలామంది శాస్త్రవేత్తలు వేలు చూపించేది అమెరికా మొక్కజొన్న, సోయా పొలాల వైపు. 1996 నుంచి కలుపుమందుని తట్టుకునే విత్తనాలు వచ్చాయి, పొలమంతా మందు కొట్టారు, పైరు బతికింది, మిల్క్‌వీడ్ చచ్చింది. అయోవాలో స్ప్రేయర్ నడిపినవాడి మీద ఎవరూ డిక్రీ ఇవ్వలేదు. గొడ్డలి పట్టుకున్న ఎహీదో రైతు మాత్రం ప్రతి డాక్యుమెంటరీలోనూ విలనే.

ఆ గొడ్డలి పట్టినవాళ్ళలో ఒకడు ఒమేరో గోమెస్ గొన్సాలెస్. కలప కొట్టే కుటుంబంలో పుట్టి, తనూ కొట్టి, తర్వాత మనసు మార్చుకుని ఎల్ రొసారియో అభయారణ్యం బాధ్యతలు చూశాడు, ఎహీదోకి నాయకత్వం వహించాడు. చెట్లు నరకడానికి వచ్చినవాళ్ళని అడ్డుకునేవాడు. ఒంటినిండా వాలిన చిలుకల మధ్య నిలబడి వీడియోలు పెట్టేవాడు, ఇప్పటికీ చూడొచ్చు. 2020 జనవరి 13న కనిపించకుండా పోయాడు. 29న దగ్గర్లోని ఒక నీటిగుంటలో శవం దొరికింది, తల మీద దెబ్బ. కొద్ది రోజులకే ఆ అభయారణ్యంలో టూర్లకి గైడుగా పనిచేసిన రవుల్ ఎర్నాందెస్ రొమేరో కూడా శవమై దొరికాడు. ఆ రెండు నెలలూ చిలుకలు పైన చెట్లకి వేలాడుతూనే ఉన్నాయి, మార్చిలో ఎప్పట్లాగే ఉత్తరానికి బయల్దేరాయి.