బరువు లేని మూలికలు

చెప్పులు గుమ్మం దగ్గరే వదిలేసి లోపలికి రండి. వినగడపలో రాత్రి పదిన్నర. మూడు రోజులుగా ఒకటే ముసురు. కట్టలేరు నిండుగా పారుతోంది. చప్టా మీదుగా నీళ్ళు పోతున్నాయని తోటమూల వైపు బళ్ళు ఆపేశారు. నవారు మంచం మీద మా అమ్మ, కింద చాప మీద మా అక్క కొడుకు. మీరు గోడకానుకుని కూర్చోండి, టీవీ అక్కణ్ణుంచి బాగా కనిపిస్తుంది.

తెర మీద ‘ది విచర్ 3’ అనే వీడియో గేమ్. రాక్షసుల్ని వేటాడి పొట్టపోసుకునే గెరాల్ట్ అనే తెల్లజుట్టు మనిషి, రోచ్ అనే అతని గుర్రం, ఎటు వెళ్ళాలనిపిస్తే అటు వెళ్ళగలిగే లోకం. విజయవాడలో సెకండ్ హ్యాండ్‌లో కొన్న డిస్కు ఇది. ఇంట్లో నెట్ లేదు కాబట్టి పిల్లవాడు డిస్కులో ఉన్నది ఉన్నట్టే ఆడుతున్నాడు. అంటే ఆట విడుదలైన 2015 మే 19 నాటి లోకంలోనే తిరుగుతున్నాడు.

గెరాల్ట్ నడక చూడండి. పరుగెత్తలేడు, ఈడ్చుకుంటూ నడుస్తున్నాడు. సంచిలో ఇనుప ముద్దలు, తోళ్ళు, రాక్షసుల కోరలు, ఎక్కడెక్కడో కోసిన మూలికలు నిండిపోయాయి. ఈ ఆటలో మోయగలిగినంతే మొయ్యాలి. పిల్లవాడు ఏటిగట్టున ఆగి, ఒక్కొక్కటే కింద పారేస్తున్నాడు. పారేసే ముందు ప్రతిదాన్నీ ఒకసారి చూసుకుంటున్నాడు.

“అంత కష్టపడి కోసి పారేస్తావేంట్రా?” అంది అమ్మ.

“మొయ్యలేడు అమ్మమ్మా.”

అమ్మకి ఇంగ్లీషు రాదు. వాడు ముక్కముక్కగా తెలుగులో చెబుతుంటే వింటుంది. చిన్నప్పుడు ఎవరిచేతనో కాశీమజిలీ కథలు చదివించుకుని విన్న మనిషి. మజిలీకో ఊరు, ఊరికో కథ అంటే ఆమెకి కొత్త కాదు. ఆ గుర్రానికి మేత ఎవరు వేస్తారన్నదొక్కటే ఇప్పటిదాకా తేలని సందేహం.

ఈ రాత్రి అప్‌డేట్ దింపుదామని మామా మేనల్లుళ్ళం అనుకున్నాం. సిగ్నల్ కిటికీ దగ్గరే అందుతుంది. ఫోన్‌ని గుడ్డసంచిలో పెట్టి ఊచకి కట్టి, హాట్‌స్పాట్ ఆన్ చేశాం. తెర మీద సన్నటి నీలం గీత కదులుతోందో లేదో తెలియనట్టు కదులుతోంది. జీబీలకు జీబీలు రావాలి. రోజువారీ డేటా అయిపోగానే ఆగిపోయింది. రెండో రాత్రి మళ్ళీ అక్కణ్ణుంచే మొదలు. మధ్యలో కరెంటు పోయింది. వచ్చింది. గీత సగం దాటింది.

ఆ ఎదురుచూపులో నాకు అనిపించింది మీకు చెప్పాలి. అచ్చయిన పుస్తకంలో తప్పు దొర్లితే మలిముద్రణ దాకా ఆగాలి. అదీ కొత్త ప్రతి కొన్నవాళ్ళకే. ఇక్కడ పాత డిస్కు కొన్నవాడి ఇంటికే దిద్దుబాటు నడిచొస్తుంది, పైసా అడగకుండా. విడుదలైన కొత్తలో రోచ్ ఇళ్ళ కప్పుల మీద నిలబడి కనిపించేదని ప్రపంచమంతా నవ్వుకుంది. అలాంటివి దిద్దడం సరే, అది ఎలాగూ చెయ్యాలి. నాకు గొప్పగా అనిపించేది 2015 జులైలో వచ్చిన 1.07 అప్‌డేట్ లాంటిది. అందులో కొత్త కోటలేమీ కట్టలేదు. ఆడేవాడి చెయ్యి ఎక్కడ తడబడుతోందో కనిపెట్టి, అక్కడ దారి చదును చేశారు.

మూడో రాత్రి. గీత నిండింది. ఆట తెరుచుకోగానే గెరాల్ట్ మనం వదిలిన ఏటిగట్టునే నిలబడి ఉన్నాడు. పిల్లవాడు మెనూలోకి వెళ్ళి నడక పద్ధతి మార్చాడు. 1.07తో వచ్చిన రెండో రకం అది, కావాలనుకున్నవాళ్ళే ఎంచుకోవచ్చు. బొటనవేలితో కంట్రోలర్ పుల్లని కొంచెం కదిపాడు. గెరాల్ట్ ఠక్కున ఆ పక్కకి తిరిగాడు. వదిలాడు. ఆగాడు.

“వీడి నడక మారిందేంట్రా?” అంది అమ్మ.

నాకు ఒళ్ళు జలదరించింది. ఆట పుల్ల ఎన్నడూ చేత్తో ముట్టని మనిషి కన్ను, దూరాన ఎవరో మార్చిన అడుగుని పట్టేసింది.

తర్వాత ఊళ్ళోకి వెళ్ళాడు. సామాను దాచుకునే పెట్టె మ్యాప్‌లో కనిపిస్తోంది. అదీ ఆ జులైలోనే వచ్చింది. ఇక్కడి పెట్టెలో పాత కత్తులు వేసి, గుర్రమెక్కి ఇంకో ఊరు చేరి అక్కడి పెట్టె తీస్తే అవే కత్తులు.

“అక్కడ దాచింది ఇక్కడికెట్టా వచ్చిందిరా?”

“బ్యాంకనుకో అమ్మమ్మా. ఏ బ్రాంచిలోనైనా తీసుకోవచ్చు.”

సరేనన్నట్టు తలూపింది. చదివేసిన పుస్తకాలు ఇప్పుడు సంచిలో వేరే అరలో, రంగు మాసి కనిపిస్తున్నాయి. ఏది చదివాడో ఏది చదవలేదో వెతుక్కోనక్కర్లేదు.

అప్‌డేట్ ప్రతిసారీ మేలే చేస్తుందనుకోకండి. 2022 డిసెంబరు 14న కొత్త యంత్రాలకోసం ఇదే ఆటకి పెద్ద మార్పు వచ్చింది. కెమెరాని మనిషికి దగ్గరగా పెట్టుకునే వీలొచ్చింది, మంత్రాలు వెయ్యడం సులువైంది, అభిమానులు సొంతంగా చేసుకున్న కొన్ని మెరుగులు కూడా అందులో చేర్చుకున్నారు. అయితే కంప్యూటర్ల మీద ఆట నత్తనడక నడుస్తోందని చాలామంది మొత్తుకున్నారు, తర్వాతి అప్‌డేట్లతో దాన్ని దిద్దుకుంటూ వచ్చారు. ఏడున్నరేళ్ళ నాటి ఆటకోసం అంత పని చెయ్యడమే నా దృష్టిలో పెద్ద విషయం.

వాన సన్నబడింది. కప్పల అరుపులు కిటికీలోంచి వస్తున్నాయి. తెర మీద తెల్లవారుతోంది, గడ్డి గాలికి ఒరుగుతోంది. పిల్లవాడు గుర్రం దిగాడు. సంచి తెరిచి చూపించాడు: ఇనుము, తోలు, మూలికలు, వేటి బరువూ ఇప్పుడు లెక్కలో లేదు. మొన్న పారేసిన చోటుకి తిరిగొచ్చి, గట్టు వెంబడి వంగి వంగి కోసుకుంటున్నాడు.

అమ్మ మంచం మీద ముందుకి జరిగింది.

“ఆ రాయి పక్కన పచ్చపూలు వదిలేశావేం, అవి కూడా కోయ్‌రా. బరువు లేదన్నావుగా.”